ట్రాంబోన్ల కింద పాట

ఔలిస్ తొర్వినెన్ రాసిన సంగీతానికి పురుడూ దినమూ ఒకే పూట జరిగేవి. సాయంత్రం ఆరింటికి మొదటిసారి వాయించేవాళ్లం. ఆరూ ఇరవైకల్లా దాని కథ ముగిసేది. మళ్లీ దాన్ని ఎవరూ ముట్టుకునేవారు కాదు. ఇరవై ఎనిమిదేళ్లలో ఇరవై అయిదు కృతులు రాశాడు, అన్నిటిదీ ఇదే గతి. ఇది నేను ఎవరో చెప్పగా విన్నది కాదు. కైవోలా పట్టణ వాద్యబృందంలో నేను వియోలా వాయిస్తాను. వియోలా అంటే వయొలిన్‌కి అక్క. ఒళ్లు కాస్త పెద్దది, గొంతు తగ్గించి మాట్లాడుతుంది, చెల్లెలు ఉన్నచోట దాన్ని ఎవరూ పలకరించరు. దాని బదులు కూడా నేనే మాట్లాడాల్సి వచ్చి నాకు నోరెక్కువైంది.

మా ఊళ్లో ఏ కొత్త కట్టడం తెరిచినా పురపాలక సంఘం వాళ్లు ఔలిస్ చేత ఒక కృతి రాయించేవారు. గ్రంథాలయానికి ఒకటి, ఐస్ హాకీ మైదానానికి ఒకటి, మురుగునీరు శుద్ధిచేసే కేంద్రానికి ఒకటి. ఆ మురుగునీటిది ఎంత బాగుండేదో, ఒట్టు! కానీ ఒకసారి తెరిచినదాన్ని రెండోసారి తెరవరు కదా. కృతి కూడా రిబ్బను ముక్కతోపాటే బుట్టలోకి పోయేది.

ఔలిస్ రంపపు మిల్లు కార్మికుడి కొడుకు. తండ్రి మిల్లు బ్యాండులో ట్రాంబోన్ ఊదేవాడు. ఆ బాకా మోత వింటూ పెరిగిన పిల్లాడు హెల్సింకీ వెళ్లి పెద్ద చదువు చదివి, తిరిగొచ్చి ఇక్కడి సంగీత పాఠశాలలో పాఠాలు చెప్పుకుంటూ స్థిరపడ్డాడు. నాన్న వాయిద్యానికి తక్కువ చేయకూడదని ప్రతి కృతిలోనూ మూడు ట్రాంబోన్లు పెట్టేవాడు. అక్కడితో ఆగితే బాగుండేది. తన మనసులోని అసలు పాటను, గుండె కరిగించే పాటను, తీసుకొచ్చి మా వియోలాలకిచ్చి, సరిగ్గా దాని మీదే ఆ మూడు ట్రాంబోన్లనూ మోగించేవాడు. మేము ఎనిమిది మందిమి. మోచేతులు పడిపోయేలా వాయించినా మా ముందున్న వయొలిన్ల వాళ్లకే వినపడేది కాదు. ఊళ్లో అందరూ "ఔలిస్‌ది బరువైన సంగీతం, పాటంటూ ఏమీ ఉండదు" అనేవారు. పత్రిక వాళ్లూ అదే రాసేవారు.

మరి ఔలిస్‌కి తెలియదా అంటారేమో. ఇంట్లో పియానో మీద మెల్లగా వాయించుకుంటే పాట వినపడుతుంది. సభలో మాత్రం అతను సంగీతం విననే వినడు. భయంతో జనం మొహాలు చూస్తూ కూర్చుంటాడు. మా జనం మొహాల్లో ఏముంటుంది, నా మొహం! పెళ్లికైనా చావుకైనా ఒకటే మొహం పెట్టుకొస్తారు. పాట వీళ్లకు నచ్చలేదు కాబోలు అనుకుని ఇంటికి పోయేవాడు. మేము చెప్పవచ్చు కదా? అడగందే అమ్మయినా పెట్టదంటారు. మా ఊళ్లో అడగందే మంచిమాట కూడా పెట్టరు. అతను అడగలేదు, మేము చెప్పలేదు.

నిరుడు కొత్త ఈతకొలను కట్టారు. ఇరవై ఆరో కృతి సిద్ధమైంది. రిహార్సల్ మధ్య కాఫీ దగ్గర అతని భార్య హిల్క్కా నన్ను పక్కకి లాగింది.

"ఐలీ, ఈసారి ఏమంటున్నాడో తెలుసా? ఇది కూడా ఒక్క పూటతో పోతే ఇక కలం ముట్టడట. పుట్టగొడుగులు ఏరుకుంటాడట."

"ఆయనకి పుట్టగొడుగులు తెలుసా?"

"తెలియదు. అదే నా బెంగ. విషపువి తెచ్చి ఇద్దరినీ చంపుతాడు." ఇంతసేపూ నవ్వుతున్న మనిషి కాఫీ కప్పు కింద పెట్టేసింది. "ఒక్కటంటే ఒక్కటి రెండోసారి వినాలని ఉందే ఆయనకి. అంతకన్నా ఏమీ కోరడు."

నా గుండె చివుక్కుమంది. అయినా నోరు తెరవలేదు. తెరిచి కాఫీ తాగాను.

ప్రారంభ సభ ఊరి హాల్లో పెట్టారు. దానికి నేపుల్స్ నుంచి రఫాయెలా అనే ఆవిడ వచ్చి మాకు సారథ్యం వహించింది. చెయ్యి ఊపిందంటే తుఫానే. తొమ్మిది నిమిషాల కృతి, ఊపిరి వదిలినంత మెల్లగా ముగిసింది. ఆవిడ చేతులు దించింది. ఒక్కరూ చప్పట్లు కొట్టలేదు.

దానికో కారణముంది. గ్రంథాలయం కృతిలో మధ్యన కాసేపు నిశ్శబ్దం ఉండేది. అయిపోయిందనుకుని పోస్ట్‌మాస్టర్ ఓయివా ఒక్కడే రెండు చప్పట్లు కొట్టాడు. ఆ సిగ్గుతో ఇప్పటికీ పాలు పక్క ఊరికి వెళ్లి కొనుక్కుంటున్నాడు. అప్పటినుంచి ఔలిస్ సంగీతానికి ముందుగా చప్పట్లు మొదలుపెట్టే మొనగాడు మా ఊళ్లో పుట్టలేదు. హిల్క్కా కొట్టవచ్చు, కానీ సొంత మొగుడికి ముందుగా చప్పట్లు కొట్టడం మాలో డబ్బా కొట్టుకోవడం కింద లెక్క.

నిమిషం గడిచింది. రెండో నిమిషం కూడా గడిచింది. నాలుగు వందల మంది గుడ్లప్పగించి చూస్తున్నారు. వెనక వరసలో మా ట్రాంబోన్ల వాళ్లు ముగ్గురూ చూశారు. తర్వాతి కృతిలో వాళ్లకు పని లేదు, లోపలేమో దాల్చినచెక్క బన్నులు వేడివేడిగా ఉన్నాయి. పిల్లుల్లా లేచి జారుకున్నారు.

రఫాయెలా మొహం జేవురించింది. వాళ్ల ఊళ్లో జనం ఊరుకున్నారంటే తిట్టడానికి ఊపిరి పీలుస్తున్నట్టట. గిర్రున వెనక్కి తిరిగి, వచ్చీరాని మా భాషలో అరిచింది.

"ఏమయ్యా, అర్థం కాలేదా? మళ్లీ వాయించమంటారా?"

మొదటి వరసలోని ముసలాయన ఒకడు కాసేపు ఆలోచించి, "వింటే పోయేదేముంది" అన్నాడు.

అంతకన్నా గొప్ప పొగడ్త మా భాషలో లేదు. ఆవిడ చెయ్యెత్తింది. ఎత్తాక చూసింది ట్రాంబోన్ల కుర్చీలు ఖాళీ అని. ఎత్తిన చెయ్యి దించే రకం కాదు.

మళ్లీ మొదలుపెట్టాం. సగానికి వచ్చేసరికి మా పాట వచ్చింది. పైన మోత లేదు. నా వియోలా గొంతు హాలు చివరి గోడకు తగిలి నాకే తిరిగి వినపడింది. వయొలిన్ల వాళ్లు వెనక్కి తిరిగి చూశారు, వాళ్ల జన్మలో మొదటిసారి. ఏడో వరసలో ఔలిస్ జనం మొహాలు చూడడం మానేసి కళ్లు మూసుకున్నాడు.

ఈసారి చప్పట్లు పడ్డాయి. ముందు ఎవరు కొట్టారో ఎవరికీ తెలియదు, ఎవరూ ఒప్పుకోరు కూడా. ఔలిస్‌ని వేదిక మీదికి పిలిచారు. వంగి నమస్కరించాల్సిన మనిషి జనాన్ని వదిలేసి తిన్నగా మా దగ్గరికి వచ్చాడు.

"ఐలీ, ఆ పాట వినపడింది."

"అవునయ్యా, ట్రాంబోన్లు లేవుగా!"

అతను నన్నే చూస్తున్నాడు. "అంటే ఇన్నాళ్లూ..."

"ఇన్నాళ్లూ కిందే పడి ఉంది. ఇరవై అయిదింటిలోనూ."

"మీకు తెలుసా?"

"మా ఎనిమిది మందికీ తెలుసు."

"మరి చెప్పలేదేం?"

"నువ్వు అడగలేదుగా" అన్నాను. అన్నాక నా మీద నాకే అసహ్యమేసింది. ఎవడికి పడితే వాడికి అడ్డమైన సమాధానాలూ చెప్పే నోరు ఇది! "తప్పయిపోయింది ఔలిస్" అన్నాను.

అతను నా వియోలాను ఒకసారి చూశాడు. తర్వాత నాకొక్కదానికే వినపడేలా అడిగాడు.

"బాగుండేవా? ఆ పాటలు?"

"బాగుండేవయ్యా. ఒక్కొక్కటీ ఇంటికెళ్లి వంట చేస్తూ పాడుకునేదాన్ని."

అరవై ఏళ్ల మనిషి, నాలుగు వందల మంది ముందు నిలబడి రెండు చేతుల్లో మొహం దాచుకుని ఏడ్చాడు. మా వాళ్లకి ఒకరు ఏడుస్తుంటే చూడడం మర్యాద కాదు. టక్కున చప్పట్లు ఆపి అందరూ తమ బూట్ల వైపు చూసుకోసాగారు. హిల్క్కా మాత్రం ఆపలేదు. ఏడో వరసలో ఒక్కతే లేచి నిలబడి కొడుతూనే ఉంది.