అవ్వ పేర ఒక రేషను కార్డు

ఆ రోజుల్లో యుద్ధం ఎక్కడో సముద్రాల అవతల జరుగుతోందని మగవాళ్లు చెప్పుకునేవారు కానీ, చిక్కపేటలోని మా అత్తగారింట్లో అది నేరుగా వంటింట్లోకే వచ్చింది. బియ్యం, చక్కెర తలకింత అని సర్కారే కొలిచి ఇస్తుందట! నేను కొత్త కోడలిని. నాకు తెలియని సంగతి లోకంలో లేదని నా నమ్మకం. (ఆ నమ్మకం పోవడానికి చాలా ఏళ్లు పట్టింది.) రేషను ఇనస్పెక్టరు వచ్చి "ఇంట్లో ఎన్ని పొయ్యిలమ్మా?" అని అడిగితే, మా అత్తగారిల్లు ఎంత గొప్పదో చాటాలని "రెండు!" అన్నాను గర్వంగా.

రెండో పొయ్యి మావారి అవ్వది, అంటే మా అత్తకు అత్తది. మడి మనిషి, తన మెతుకు తానే వండుకునేది. పొయ్యికొక కుటుంబమని సర్కారు లెక్క. అవ్వ పేర వేరే కార్డు వచ్చేసింది. "ఇల్లు రెండు చేసి పెట్టినావు కదమ్మా, పుణ్యాత్మురాలా!" అని మా అత్త నన్ను దులిపేసింది. ఇచ్చేది తలల లెక్కనే కాబట్టి గింజ కూడా పెరగలేదు, పరువు మాత్రం పోయిందని ఆమె బాధ.

అవ్వ మాత్రం మారిపోయింది. అంతవరకు చిటికెడు చక్కెర కావాలన్నా కోడలి ముఖం చూసే మనిషి, తడి చీరతో రేషను వరుసలో నిలబడి "దూరం, దూరం!" అంటూంటే పేటంతా పక్కకు తప్పుకునేది. తిరిగొచ్చి తన చక్కెరలో ఇంత నా అరచేతిలో పోసేది. నేను ఏ పక్షమో వేరే చెప్పాలా?

తర్వాత కట్టెలకూ కరువొచ్చింది. అవ్వ మడిని కాస్త సడలించి మా అత్త వంటే తినసాగింది. సరిగ్గా అప్పుడే ఇనస్పెక్టరు మళ్లీ వచ్చాడు, వంట ఒకటైతే కార్డూ ఒకటే చేస్తానని. అవ్వ కార్డును కొంగులో దాచుకుని గోడవైపు తిరిగి కూర్చుంది. అది చూసి నాకు ఏడుపొచ్చింది.

మా అత్త ముందుకొచ్చింది. ఆ కార్డును అందరికంటే ఎక్కువ తిట్టింది ఆమే కదా, ఇక అయిపోయిందనుకున్నాను.

"మా అత్త పొయ్యి వేరేనే అప్పా," అంది.

"ఆ పొయ్యిలో పిల్లి పండుకోనుండాది గదమ్మా!" అన్నాడు ఇనస్పెక్టరు.

"ఈ పొద్దు ఏకాదశి. ఆమె ఒక్కపొద్దుండాది."

"ఏకాదశి నిన్న గదా అత్తా?" అన్నాను నేను. (నా తెలివి అలాంటిది.)

అత్త నా వైపు చూసిన చూపుకు పిల్లి కూడా లేచి పోయింది. తర్వాత ఆమె గొంతు తగ్గించి, "ఆమె పేరు రాసిండేది లోకంలో ఆ ఒక్క చీటీ మిందేనప్పా. అదుండనీ," అంది. ఇనస్పెక్టరు కార్డు జోలికి పోకుండా టోపీ పెట్టుకుని వెళ్లిపోయాడు.

గింజ కూడా లాభం లేని అబద్ధం ఆమె ఎందుకాడిందో అప్పుడు నాకు అర్థం కాలేదు. ఇప్పుడు నేనూ అవ్వనయ్యాను. ఎవరైనా వచ్చి ఇంట్లోవాళ్ల పేర్లు రాసుకుంటూంటే, పిలవకపోయినా వాకిట్లోకి వెళ్లి నా పేరు నేనే చెప్పుకుని వస్తాను. పిల్లలు నవ్వుతారు. నవ్వనీ.