మొసలి మింగిన ఫోను

ఫోన్లు బాగుచేసే కోతల డాక్టరుకి ఉన్నది ఒకటే జబ్బు. చచ్చిన ఫోను కళ్ళు తెరిచిందంటే చాలు, ఆయన నోరు ఆగదు. అప్పటిదాకా పట్టకారు పట్టుకుని ఉలకడు, పలకడు. తెర వెలగగానే వీధి చివరిదాకా వినబడేలా ఓ గొప్ప ఎత్తుకుంటాడు. పైగా ఒక్కటీ పూర్తి చేయడు.

పనిలో మాత్రం రాక్షసుడు. కంపెనీవాళ్ళు చిప్పులో ఓ కాపలా పెడతారు. తమ ముద్ర లేని సాఫ్ట్‌వేరుతో అది ఫోనుని లేవనివ్వదు. మన డాక్టరు బోర్డు మీద ఆవగింజంత చుక్కలు రెండు పట్టకారుతో కలిపి, అదే క్షణంలో కేబుల్ గుచ్చి, కాపలావాడు కళ్ళు నులుముకునేలోగా దొడ్డిదారిన దూరిపోతాడు.

"నన్ను చూస్తే వాడు లేచి కుర్చీ వేస్తాడ్రా."

"నిన్ను చూసి కుర్చీ ఎత్తేది మా అక్క ఒక్కతే బావా. అదీ విసరడానికి," అనేవాడు దుకాణంలో సగం వాటా ఉన్న బావమరిది.

ఓ రోజు వ్యాయామం మాస్టారు వచ్చారు. బెంచీ మీదున్న నలుగురూ చటుక్కున లేచారు. అందరూ ఆయన దగ్గర గుంజీలు తీసినవాళ్ళే. బ్యాంకు మేనేజరైతే పొట్ట కూడా లోపలికి లాక్కున్నాడు.

"ఫోను కంపెనీ పేరు దగ్గరే ఆగిపోతోంది. అంతా చెరిపేస్తేగానీ లేవదట. చెరపడానికి వీల్లేదు."

"ఏమున్నాయి మాస్టారూ?"

"మనవరాలికని దాచినవి. రేపు దాని పుట్టినరోజు. పోతే మళ్ళీ నావల్ల కాదు."

బావమరిది గొణిగాడు: "బావా, ఈ ఒక్కసారికీ నోరు కట్టేసుకో. ఆయనకి కోతలు పడవు."

పట్టకారు ఓసారి జారింది. మళ్ళీ జారింది. అంతలో కంప్యూటర్ టింగుమంది; తలుపు తెరుచుకుంది! డాక్టరు పాడైన బూట్ భాగం, అంటే ఫోనుని నిద్రలేపే ముక్క, ఒక్కటే తిరగరాసి, మిగతాది ముట్టుకోకుండా బయటికొచ్చాడు. ఫోను పేరు దాటింది. మాస్టారు పిన్ కొట్టి, ఉన్నాయో లేవోనని మొదటి రికార్డింగు నొక్కారు.

"మ్యావ్... నేనే బంగారూ, పిల్లి మామని, ఇవాళ కథేంటంటే..."

మాస్టారి గొంతే!

ధన్‌మని బల్ల చరిచాడు డాక్టరు. "ఒకసారి మొసలి ఫోను మింగింది! కడుపులో రింగవుతోంది, అది నోరు తెరిస్తే హలో అంటోంది! నేను పడవలో బోర్లా పడుకుని పట్టకారు దాని గొంతులోకి దించి..."

నాలుగు తలలూ ఇటు తిరిగాయి. మాస్టారు గబగబా ఫోను జేబులో తోశారు. కథ అక్కడే ఆగింది.

"తర్వాత?" అన్నాడు మేనేజరు.

"తర్వాతేముంది, పనుంది."

బావమరిది నోరు వెళ్ళబెట్టాడు. నిన్న పెళ్ళికూతురి ఫోను తెరుచుకున్నప్పుడూ ఇదే గోల, మొన్న నర్సు ఫోనప్పుడూ ఇదే గోల. జనమంతా ఈ నోటిని చూస్తుంటే ఎవడి కళ్ళూ తెర మీదికి పోలేదు.

"బావా, అంటే నువ్విన్నాళ్ళూ..."

"స్క్రూలు ఏరరా."

గుమ్మం దాకా వెళ్ళిన మాస్టారు వెనక్కి వచ్చారు. గొంతు తగ్గించి, "ఆ మొసలి ఏమైంది? సగంలో ఆపితే మనవరాలు నన్ను బతకనివ్వదు," అన్నారు.

డాక్టరు గబగబా పట్టకారు తుడవసాగాడు. అక్కడిదాకా ఎన్నడూ పోయినవాడు కాదు మరి. బావమరిదే అందుకున్నాడు.

"ఫోను తిరిగివ్వనంది మాస్టారూ. రోజూ వాళ్ళమ్మతో మాట్లాడుకుంటోంది."

మాస్టారు సీరియస్‌గా తలూపారు. "వాళ్ళమ్మ గొంతెలా ఉంటుంది?"

ఎవరూ చెప్పకముందే, మీసం పైకెత్తి, ముక్కుతో సన్నగా 'హలో' అని చూశారు. బెంచీ మీద తలలు లేవబోయాయి.

బావమరిది ధన్‌మని బల్ల చరిచాడు. "ఒకసారి ఏనుగు ఫోను మీద కూర్చుంది..."