నిటారుగా నిలబడకండి

పొద్దున షట్టరు ఎత్తేసరికి కత్తెర బల్ల మీద లేదు. గుండీల డబ్బా పక్కన రుమాల్లో చుట్టి పెట్టి ఉంది. అక్కడే మెత్తటి దిండు వేసిన స్టూలొకటి. కిటికీ వెలుతురు బాగా పడే మూల చూసి మరీ వేశారు. ఎంతో ఆలోచించి, ఎంతో మర్యాదగా చేసిన పని. అందుకే కత్తెరమ్మకు ఒళ్లు మండిపోయింది.

ఆ కుట్టుపని దుకాణంలో ఆమె నలభై ఒక్క ఏళ్లుగా బట్ట కత్తిరిస్తోంది. దుకాణం పెట్టింది తమ్ముడు. అతను పోయాక నడుపుతున్నది అతని కొడుకు. మేనల్లుడు చెడ్డవాడేం కాదు. కుట్టు బాగా నేర్చాడు, కోపం తక్కువ, మాట మెత్తన. ఆ మెత్తదనమే ఆ పొద్దున ఆమెకు సూదిలా దిగింది.

"ఏంట్రా ఇది?"

"రెస్టు అత్తా. అరవై ఎనిమిదేళ్లొచ్చాయి, ఇంకా ఎన్నాళ్లు నిలబడి కత్తిరిస్తావ్? కూర్చుని హాయిగా గుండీలు కుట్టుకో."

"హాయి కావాలని నిన్నెప్పుడైనా అడిగానా?"

అతను కత్తిరించిన కోటు గుడ్డ ముక్కలు, మూడు కోట్లవి, తెచ్చి బల్ల మీద పరిచాడు. ముందురోజు ఆమె కత్తిరించినవే. వీపు ముక్క మీద టేపు పెట్టి చూపించాడు.

"చూడు, వెనక భాగం అంగుళమున్నర ఎక్కువుంది. ముందు భాగం కురచ. మూడూ అంతే. ఈ మూడోదానికి కుడి భుజం ఎడమదానికంటే కిందకి పోయింది. ఇంకా ఇరవై తొమ్మిది కోట్లున్నాయి అత్తా. నేను తిట్టట్లేదు. వయసు, అంతే."

చెప్పి ఉండొచ్చు. అది తప్పు కాదురా, కావాలనే అలా కోశానని ఒక్క మాట అంటే సరిపోయేది. కానీ 'వయసు' అన్న మాట చెవిన పడగానే ఆమె నోరు బిగుసుకుపోయింది. ఆమె జన్మలో చేసిన తెలివితక్కువ పనుల్లో అదొకటి. కోపం వస్తే అరుస్తుంది, మరీ ఎక్కువొస్తే మూగనోము పడుతుంది. దిండు తీసి అవతల పారేసి, ఉత్త చెక్క స్టూలు మీదే కూర్చుని, సూదిలో దారం ఎక్కించింది. మొదటి ప్రయత్నానికే ఎక్కింది. అతను చూడలేదు. దానికీ కోపమే.

ఆ ముప్పైరెండు కోట్లూ తపాలా ఆఫీసులో పనిచేసి రిటైరైనవాళ్లవి. అందరూ అరవై అయిదు దాటినవాళ్లే. ఆదివారం పాత ఆఫీసు మెట్ల మీద నిలబడి ఒకే రంగు కోట్లలో ఫొటో దిగుతారట. మొదటిరోజు వచ్చిన ముగ్గురికి కత్తెరమ్మ తన పద్ధతిలో కొలతలు తీసింది. ఆ ముక్కలు చూసి కంగారుపడిన మేనల్లుడు మిగతావాళ్లని తనే కొలిచాడు. ఆ మూడింటినీ మళ్లీ కొయ్యడానికి బట్ట లేక ఉన్నవున్నట్టే కుట్టేశాడు.

ఆమె పద్ధతి ఆ దుకాణంలో ఇంకెవరికీ లేదు. రెండేళ్ల కిందటిదాకా ఆమెకూ లేదు. అప్పట్లో తను కుట్టుకున్న జాకెట్టే వెనక పైకి పాకుతుంటే, బట్ట కుంచించుకుపోయిందని మిల్లువాణ్ని తిట్టింది. ఒకరోజు కిందపడ్డ గుండుసూది తీసుకుని లేస్తూ ట్రయల్ అద్దంలో పక్కనుంచి తనని చూసుకుంది. మెడ ముందుకొచ్చింది, భుజాలు ఒంగాయి, వీపు గుండ్రంగా ఉంది. అచ్చం అమ్మ వీపు.

అమ్మకు ఆఖరి పదేళ్లూ జాకెట్లన్నీ ఆమే కుట్టింది. ప్రతిసారీ టేపు పట్టుకుని ఒకటే కసురు: "కుదురుగా నిలబడవేమే అమ్మా! ఒక్క నిమిషం నిటారుగా ఉంటే నీ సొమ్మేం పోతుంది?" ఆ ముసలావిడ ఊపిరి బిగబట్టి, గోడకి వీపు ఆనించి, ఆ ఒక్క నిమిషం నిలబడేది. కొలత ఆ నిమిషానిది. జాకెట్టు మాత్రం ఏడాది పొడుగునా తొడుక్కోవాలి. తొడుక్కుని రోజంతా వెనక అంచు కిందికి లాక్కుంటూ తిరిగేది. ఎవరైనా అడిగితే, "మా అమ్మాయి బాగానే కుడుతుంది, నా ఒళ్లే కుదరదు" అనేది.

ఆ మాట అద్దం ముందు గుర్తొచ్చింది. అమ్మకు చెప్పుకుందామంటే అమ్మ లేదు. తనను తాను తిట్టుకుంది, ఇప్పటికీ తిట్టుకుంటూనే ఉంది. ముప్పై ఏళ్ల వయసులో ఎంత కత్తెర పనితనమున్నా ఆ సంగతి తెలిసే దారే లేదు. వీపు ఒంగితేనే తెలుస్తుంది. తన వీపు తనకి చెప్పాక, ఎదుటివాళ్ల వీపులన్నీ కంటికి కనిపించడం మొదలుపెట్టాయి. పనిలో ఆమెకు అంత కొత్త రుచి పాతికేళ్లుగా తగల్లేదు.

అప్పట్నుంచి వయసు మళ్లినవాళ్లు వస్తే ముందు కూర్చోబెడుతుంది. మంచినీళ్లిస్తుంది. వాళ్లకి ఒళ్లుమండే సంగతేదో కదుపుతుంది. మనిషి ఎవరినో తిట్టేటప్పుడు తన అసలు ఒంటితో ఉంటాడని ఆమె కనిపెట్టింది. ఆ మాటల మధ్యలో లేపి, చల్లగా టేపు వేసేస్తుంది. అలా ఒక్కొక్కరుగా వచ్చినవాళ్ల బట్టలు తనే కోసి తనే కుట్టేది కాబట్టి ఇన్నాళ్లూ ఆ ముక్కలు మేనల్లుడి కంటపడలేదు.

గురువారం ట్రయల్. దుకాణం నిండిపోయింది. ముప్పైరెండు మందీ కోట్లు తొడుక్కుని అద్దం దగ్గర తోసుకుంటున్నారు. కత్తెరమ్మ తన మూలనుంచి తలెత్తకుండానే చూసింది. దాదాపు అందరికీ వెనక అంచులు పైకి లేచిపోయాయి. కాలర్లు మెడకి ఎడంగా నోళ్లు తెరిచాయి. ముందు భాగాలు గుడారాల్లా వేలాడుతున్నాయి.

"సార్, కాస్త నిటారుగా నిలబడండి," అంటూ మేనల్లుడు ఒక్కొక్కరి భుజాలూ వెనక్కి లాగుతున్నాడు. "చూశారా, ఇప్పుడెంత బాగా సరిపోయిందో!"

చెయ్యి వదలగానే కోటు మళ్లీ పైకి పాకింది.

ఉత్తరాలు వేరుచేసే విభాగంలో ముప్పై ఏళ్లు ఒంగి పనిచేసిన ఆయనొకరు అంచు కిందికి లాక్కుంటూ చిన్నబోయి నవ్వాడు. "నీ తప్పేం లేదు బాబూ. మా ఒళ్లే ఇలా తయారైంది."

గుండీల డబ్బా నేల మీద పడింది. పడలేదు, ఆమె విసిరింది. వందల గుండీలు మిషన్ల కిందికి దొర్లిపోయాయి.

"ఎవరి ఒళ్లండీ తప్పు? ఎవరి ఒళ్లు?" కత్తెరమ్మ గొంతుకి దుకాణం గప్‌చిప్పయింది. "ముప్పై ఏళ్లు ఊరందరి ఉత్తరాలూ ఏరిన వీపు తప్పయిందా? కొలిచినవాడు వెధవ కావచ్చుగా!"

"అత్తా, కస్టమర్ల ముందు..."

"కస్టమర్ల ముందే చెప్తా. ఒరేయ్, దుకాణం బయట వీళ్లెవరైనా నిటారుగా నడవడం చూశావా? లేని మనిషిని కొలిచి, లేని మనిషికి కోటు కుట్టావ్. ఉన్న మనిషి చేత క్షమాపణ చెప్పిస్తున్నావ్!"

అద్దం దగ్గర ముగ్గురు మాత్రం కోట్లు లాక్కోకుండా హాయిగా నిలబడ్డారు. వాళ్లలో ఒకాయన ముప్పైనాలుగేళ్లు కుడి భుజాన సంచీ మోసిన పోస్ట్‌మ్యాన్. ఆ భుజం ఎడమదానికంటే రెండు వేళ్లు దిగి ఉంటుంది. కోటు దాని మీద పాలమీగడలా కూర్చుంది. పక్కనున్నవాళ్లు ఆయన వీపు తడిమి చూస్తున్నారు.

"నాకెందుకు కుదిరింది మరి?" అన్నాడాయన, ఏదో నేరం చేసినట్టు.

మేనల్లుడు ఆయన చుట్టూ రెండుసార్లు తిరిగాడు. దిగిన కుడి భుజం చూశాడు. పొడుగు వీపు చూశాడు. ఆ మూడు కోట్లలో ఇదొకటని అప్పటికి వెలిగింది.

"తప్పనుకున్నా," అన్నాడు నెమ్మదిగా. "ముందే చెప్పొచ్చుగా అత్తా?"

"కత్తెర గుడ్డలో చుట్టేముందు అడగొచ్చుగా నువ్వు?"

తపాలావాళ్లలో ఒకావిడ, "ఈ పోట్లాట ఆదివారం లోపు అయిపోతుందా?" అనడంతో అందరూ నవ్వారు. కత్తెరమ్మ నవ్వలేదు. తపాలావాళ్లని బెంచీల మీద కూర్చోబెట్టింది. వెనక మడతలో దాచిన బట్ట ఇంకా అంగుళమున్నర ఉంది. అది విప్పి దించాలి, ముందు భాగం తగ్గించాలి, కాలర్లు ఊడదీసి మళ్లీ కుట్టాలి. ఇరవై తొమ్మిది కోట్లు, రెండున్నర రోజులు.

రుమాలు విప్పి కత్తెర తీసింది. కటింగ్ బల్ల దగ్గరికి నడుస్తుంటే మేనల్లుడు పక్కకి తప్పుకున్నాడు.

"ఆదివారానికి ఎలా అవుతుంది అత్తా? రేపు కరెంటు కోతట. ఆ సప్లై ఆఫీసువాళ్లకి ఫోన్ చేస్తే ఎత్తరు, ఎత్తినా సమాధానం చెప్పరు, అసలు వాళ్లకి..." అతను చేతులూపుతూ తిట్టడంలో పడ్డాడు. వీపు మీద చల్లగా ఏదో తగిలి ఆగిపోయాడు. టేపు.

"అర అంగుళం," అంది కత్తెరమ్మ, సుద్దతో బల్ల అంచున రాసి. "నలభై నాలుగేళ్లకే. మిషను మీద ఒంగి కుట్టిన అర అంగుళం. నీ కోటు నేను కోస్తాలే. ముందు ఆ గుండీలు ఏరు, ఒక్కటి తగ్గినా ఊరుకోను."

అతను మోకాళ్ల మీద మిషన్ల కిందికి దూరాడు. ఆమె బెంచీ మీది మొదటి మనిషి వైపు తిరిగి, మంచినీళ్ల గ్లాసు చేతికిచ్చి అడిగింది:

"చెప్పండి, ఆ ఆఫీసులో మిమ్మల్ని బాగా ఏడిపించిందెవరు?"