అక్క తలూపింది

ఇంట్లో ఆమెను అందరూ తిక్కపిల్ల అనేవారు. నలభై దాటినా ఆ పేరు పోలేదు. తను చేసే పనేమిటో ఒక్క ముక్కలో చెప్పడం ఆమెకే చేతకాదు. వీడియో తీస్తుంది, దానికి మాటలు రాస్తుంది, దాన్ని తెర మీద వేసి, ఆ తెర ముందు నిలబడి ఒంటితోనూ గొంతుతోనూ ఏదో చేస్తుంది. చూసినవాళ్లలో సగం మంది బుర్ర గోక్కుంటూ వెళ్లిపోతారు.

"ఇంతకీ అది నాటకమా, సినిమానా?" అని బావ అడిగితే, "రెండూ కాదు బావా, అదే వచ్చిన తంటా" అని నవ్వేసేది.

అక్కకు పక్షవాతం వచ్చి మాట పడిపోయింది. మాటలు నేర్పే డాక్టరమ్మ బొమ్మల కార్డులిచ్చి ఇంటి దగ్గర సాధన చేయించమంది. తిక్కపిల్ల రోజూ వెళ్లి, వంటగది బల్ల దగ్గర కూర్చుని ఆ కార్డులు చూపించేది. చెంచా బొమ్మ చూసి అక్క "చీపురు" అనేది. తప్పని తనకే తెలిసి పెదవి కొరుక్కునేది. చెల్లెలు గబుక్కున కార్డు తిప్పేసేది. అయినా చెయ్యి ఊరుకోలేదు.

"వీడియో తీసుకోనా అక్కా?"

అక్క తలూపింది.

కొన్ని నెలలకు ఆ వీడియోతో చేసిన ప్రదర్శనకు ఎన్నడూ లేనంత మంది వచ్చారు. పాత గోడౌన్‌లో, తెర మీద అక్క ముఖం గోడంత కనిపిస్తుంటే, పక్కన నిలబడి తిక్కపిల్ల ఆ తప్పు మాటలనే, అదే తడబాటుతో పలికింది. ముందు వరసలో అక్క, బావ కూర్చున్నారు. "చీపురు" దగ్గర ఎవరో కిసుక్కుమన్నారు. ఆ నవ్వు వెనక వరసలకు పాకింది. అక్క బావ భుజం పట్టుకుని లేచింది. తిక్కపిల్ల చూసింది. చూసి కూడా ఆపలేదు. చివరిదాకా చేసింది. చప్పట్లు హోరెత్తాయి.

మర్నాడు వెళ్లేసరికి అక్క ఒంటిచేత్తో బట్టలు మడతపెడుతోంది.

"నువ్వు ఒప్పుకున్నావు కదక్కా. తలూపావు."

మాటలు కూడదీసుకోవడానికి అక్కకు చాలాసేపు పట్టింది.

"అప్పుడు నాకు... ఊపడమొక్కటే వచ్చేది. మందుకీ ఊపాను... మంచినీళ్లకీ ఊపాను. వద్దు అనే మాట... రాలేదే."

"చెరిపేస్తానక్కా."

"చూసేశారుగా" అంది అక్క.

తిక్కపిల్ల ఆ వీడియోను అదే రోజు చెరిపేసింది. తర్వాత అదే ప్రదర్శన చెయ్యమని వేరే ఊరి నుంచి పిలుపొస్తే కుదరదంది.

"ఇలాంటిది మళ్లీ మీ చేత కాదండీ, ఆలోచించుకోండి" అన్నాడు నిర్వాహకుడు ఫోన్‌లో. అది నిజమేనని ఆమెకు తెలుసు. అదే ఎక్కువ గుచ్చుకుంది. ఆ ఏడాది ఏ పనీ ముందుకు సాగలేదు. ఏది రాయబోయినా ఎవరి బతుకులోంచో ఎత్తుకొస్తున్నట్టే ఉండేది.

ఇప్పుడు అక్కకు మాట చాలావరకు తిరిగొచ్చింది. చెల్లెలు వెళ్తే కాఫీ ఇస్తుంది, బావ బీపీ గురించి చెబుతుంది. మధ్యలో ఏదైనా మాట అందకపోతే మాత్రం కిటికీ వైపు తిరిగి, అది దొరికేదాకా ముఖం చూపించదు. తిక్కపిల్ల కప్పులు కడిగే నెపంతో లేచి వెళ్లిపోతుంది.