పేక అనే పేరు నాకెలా వచ్చింది

మా ఇంట్లో అందరూ నన్ను పేక అని పిలుస్తారు. విజయవాడలో నేను పనిచేసే ఆఫీసులో ఈ సంగతి మొన్నటిదాకా ఎవరికీ తెలియదు. ఒకరోజు మా తమ్ముడు చీరల సంచీ ఇవ్వడానికి వచ్చి, గుమ్మంలోంచే "పేకా!" అని కేకేశాడు. పక్క సీటులో ఆవిడ వెంటనే అడిగింది.

"మేడమ్, మీరు పేకాట బాగా ఆడతారాండీ?"

నాకు ఆసు ఏదో జాకీ ఏదో తెలియదు. మాది చల్లపల్లి దగ్గర నేత కుటుంబం. మగ్గం మీద నిలువు దారం పడుగు, దాని మధ్య అడ్డంగా అటూ ఇటూ తిరిగేది పేక. అంతవరకు చెప్పగలిగాను. ఆ పేరు నాకెందుకు పెట్టారో మాత్రం చెప్పలేకపోయాను.

నాన్ననడిగితే, నేను పుట్టిన రోజున పేక నూలు అయిపోయి మగ్గం ఆగిందన్నాడు. అమ్మ ఒప్పుకోలేదు. పాకే వయసులో నూలు చుట్టిన కండెలన్నీ లాగి చిక్కు చేసేదాన్నట, అందుకే ఆ పేరంది. రెండూ నాకు నమ్మబుద్ధి కాలేదు. ఆదివారం బస్సెక్కి ఊరెళ్లి పెద్దమ్మనడిగాను.

పెద్దమ్మ కండె చుడుతూనే చెప్పింది. నాకు ఆరేళ్లప్పుడు నాన్న, పెదనాన్న మగ్గాల గది గురించి తగువుపడి మాటలు మానేశారట. ఎదురెదురు ఇళ్లు. ఏం చెప్పాలన్నా నన్నే పంపేవాళ్లట.

"ఒకరోజు మీ పెదనాన్న, 'నా గడప తొక్కొద్దని మీ నాన్నతో చెప్పు' అన్నాడే. నువ్వెళ్లి 'పెదనాన్న నిన్ను రమ్మంటున్నాడు' అని చెప్పావు. మీ నాన్న ఉతికిన చొక్కా తొడుక్కుని మరీ వచ్చాడు."

"పెదనాన్న ఏమన్నాడు?"

"ఏమంటాడు? గుమ్మంలో తమ్ముణ్ని చూశాడు, ఆ ఉతికిన చొక్కా చూశాడు. తర్వాత నాకేసి తిరిగి, కాఫీ పెట్టమన్నాడు. ఆ సాయంత్రం మీ నాయనమ్మ నిన్ను ఒళ్లో కూర్చోబెట్టుకుని, ఇది మనింటి పేకే అంది."

వసారాలో మంచం మీదున్న పెదనాన్న అంతా విన్నాడు. "నేనే పిలిచాననుకుంటున్నాడు వాడు, ఇప్పటికీ. చెప్పమాకు," అన్నాడు.

ఆ రోజు సంగతి నాకేమీ గుర్తులేదు. అయినా ఇంకెవరినీ అడగాలనిపించలేదు. ఇది నా పేరే, దీని అర్థమూ ఇదే. ఇప్పుడు ఆఫీసులో ఎవరైనా అలా పిలిచినా హాయిగా పలుకుతున్నాను.