ఇస్తాను, ఇప్పిస్తాను

పంతొమ్మిది వందల ఎనభై ఏడు, జూలై పదకొండు, శనివారం. పొద్దుటి నుంచి ముసురు. ఆసుపత్రి వార్షికోత్సవ వేదికకు ఎడమపక్కన, చెమ్మగిల్లిన తెర చాటున, చేతిలో కాగితంతో అక్క నిలుచుంది. ముప్పై ఏళ్లుగా ఆమె చోటు అదే. చెల్లెలు నాటకంలో రాణి అయినా, సినిమాలో గయ్యాళి అత్త అయినా, మాట అందించే గొంతు అక్కదే.

చెల్లెలిని మేకప్ మనిషి ‘నిలకడమ్మగారు’ అనేవాడు. ఉన్నచోట ఉండటం ఆమెకు చేతకాదు గనుక. రంగు వేస్తుండగానే లేచి వెళ్లిపోయేది. “అమ్మా, రెండో కనుబొమ్మ నా దగ్గరే ఉండిపోయింది!” అంటూ అతను వెంటపడేవాడు.

ఆరోజు ముఖ్య అతిథిగా ఆమె పలకవలసినవి నాలుగే వాక్యాలు. రోగుల వెంట వచ్చినవాళ్లు ఆసుపత్రి మెట్ల కింద పడుకుంటున్నారు. వాళ్లనుద్దేశించి అక్క రాసిన చివరి వాక్యం: “ఈ వీధిలోనే మీకొక ఇల్లు ఇప్పిస్తాను.” చెల్లెలు “ఇస్తాను” అన్నది.

‘ఇచ్చు’ ధాతువుకు ప్రేరణార్థకం ‘ఇప్పించు’. ఇచ్చేవారొకరు, ఇప్పించేవారు మరొకరు. పిల్లలు ఆవులిస్తూ దాటేసే పాఠమిది. నడుమనున్న ఒక్క ‘ప్పి’ ఎగిరిపోతే ఇల్లే ఎగిరిపోగలదని వాళ్లకేం తెలుసు? ఆ వీధిలో చెల్లెలికున్నది ఒకే ఇల్లు. అక్కకు తలదాచుకునే చోటూ అదే.

సభ చప్పట్లతో దద్దరిల్లింది. “ఇప్పిస్తాను... ఇప్పి...” అని అక్క గుసగుసలాడుతూనే ఉంది.

ఇంటికి వచ్చాక చెల్లెలు కాలుగాలిన పిల్లిలా హాలంతా తిరిగింది.

“ఏమే, నోరు జారిందా, కావాలనే అన్నావా?”

“తెలియదక్కా.”

“తెలియకపోవడమేమిటి! నేను స్పష్టంగానే అందించాను.”

“చప్పట్లు కొట్టేశారుగా.”

“చప్పట్లకల్లా ఇల్లు ఇస్తే ఈపాటికి వీధిన పడేవాళ్లం. ఆసుపత్రి డాక్టరుగారికి ఫోన్ చేసి, తడబడ్డానని చెప్పు. నేనెక్కడికి పోనే?”

చెల్లెలు రిసీవరు ఎత్తింది, పెట్టేసింది, మళ్లీ ఎత్తింది. ఆదివారమంతా అదే పని.

సోమవారం తలుపు తట్టినది పక్కబట్టల మూటతో ఒక స్త్రీ. భర్తకు ఆపరేషనట.

“అమ్మా, ఇల్లిస్తానన్నారట. ఎప్పటినుంచి రావచ్చు?”

తలుపు వెనుక నుంచి అక్క అందించింది: “నోరు జారిందను... నోరు జారిందను.”

చెల్లెలు గిర్రున వెనక్కి తిరిగి అక్క ముఖంలోకి చూసింది. వేషంలో ఉండగా, మాట అందించే అక్క వైపు ఆమె అలా చూడటం ఎన్నడూ లేదు. “ఆ మాట నాకు రావడంలేదక్కా,” అని, మూట అందుకుంది.

నెల తిరగకుండా అక్క పెట్టె సర్దుకుని మేనకోడలింటికి చేరింది. చెల్లెలు వేషాలు మానలేదు. ఒక్కో అత్త వేషం నాలుగు పరుపులై ఇంటికి వచ్చేది. ఆరేళ్లకు అక్కకు ఉత్తరం వచ్చింది.

“అక్కా, ఇంట్లో ఇప్పుడు ఇరవై రెండు మంచాలు. నాది మెట్ల కింది గది. కొందరు నవ్వుతూ వెళతారు, కొందరు ఏడుస్తూ; నేను మాత్రం గుమ్మంలో తిరుగుతూనే ఉంటాను. ఆనాడు నోరు జారిందో లేదో నాకు నేటికీ తెలియదు. నిన్నడగకుండా నీ నీడ ఇచ్చేశాను. అది మాత్రం తెలిసి చేసిన తప్పే. నీ గది ఇంతవరకు ఎవరికీ ఇవ్వలేదు. నిన్న పసిబిడ్డతో ఒకావిడ వచ్చింది. ఎక్కడా చోటు లేదు. ఇవ్వమంటావా? నీ జవాబు వచ్చేదాకా ఆమె నా మంచం మీద పడుకుంటుంది. త్వరగా రాయి.”