కేసు వెయ్యడానికి పర్మిషన్

ఇవాళ జరిగింది ఎవరికో ఒకరికి చెప్పకపోతే నాకు నిద్ర పట్టేలా లేదు!

మా అన్నయ్య కొత్తపేట తాలూకాఫీసులో గుమాస్తా. తుపాను సాయం కాకినాడ పెద్దాఫీసరు గారి చుట్టాలకి రాయనన్నాడని సస్పెండు చేసేరు. హైకోర్టుకి వెళ్దామంటే, సస్పెన్షన్‌లో ఉన్నవాళ్ళు అనుమతి లేకుండా ఊరు దాటకూడదట. అందుకని పొద్దున్న నన్ను తోడు తీసుకుని, ఆర్డరు మీద సంతకం పెట్టిన తహసీల్దారు గారి దగ్గరికే వెళ్ళేడు. అర్జీలో కారణం ఏమీ దాచలేదు: "మీ ఆర్డరు మీద కేసు వెయ్యడానికి."

ఆయన చదివి కళ్ళజోడు తీసేరు.

"అప్పీలు ఉండగా కోర్టుకెందుకయ్యా? జడ్జిగారు ముందు అదే అడుగుతారు."

"ఆయ్! కానీ అప్పీలు వినేది కాకినాడ వారేనండి. నన్ను సస్పెండు చెయ్యమని ఫోను చేసిందీ ఆయనేనని ఆ రోజు మీరే అన్నారు కదండీ?"

అప్పుడు ఆయన మొహం చూడాలి! గుమ్మం వైపు ఓసారి చూసి, గబగబా సంతకం పెట్టేసేరు. కాగితం చేతికిస్తూ గొంతు తగ్గించి, "ఈ మాట అక్కడ కూడా చెప్పవయ్యా. నన్నడిగితే కాదననులే" అన్నారు.

హైదరాబాదు రైలుకని అన్నయ్యని రాజమండ్రి బస్సెక్కించి ఇప్పుడే వచ్చేను. ఇంతకీ మీరే చెప్పండి, ఆయన పేరు కేసులో ఎదటి పక్షాన రాయించాలా, మా సాక్షుల్లోనా?